నిప్పులాంటి మనిషి

మా పెదనాన్నగారు నిప్పు. ఈ మాట నేను అనడం కాదు, వీధి వీధంతా అనేది. రెవెన్యూ ఆఫీసులో ముప్ఫయ్యేళ్ళు ఉద్యోగం చేసి, ఒక్క పైసా పరాయి సొమ్ము ముట్టకుండా రిటైరయిన మనిషి. పని జరిగిన సంతోషం కొద్దీ ఎవరైనా మామిడిపళ్ళ బుట్ట తెచ్చి అరుగుమీద పెట్టి వెళితే, ఆ బుట్ట అన్నయ్య నెత్తిన పెట్టించి, ఎంత ఎండైనా సరే, ఇచ్చినవాళ్ళింటికే తిప్పి పంపించేవారు. ఆయన నోట అబద్ధమన్నది నేను వినలేదు. మరొకరు ఆడితే ఆయన సహించేవారు కాదు.

అయితే ఏమాటకామాటే చెప్పుకోవాలి. అబద్ధమంటే గిట్టని ఆ మనిషి ఇంట్లో ఉన్నన్ని అబద్ధాలు నేను మరే ఇంట్లోనూ చూడలేదు.

బుట్ట గుమ్మం దాటేలోగా రెండు పళ్ళు పెద్దమ్మ బియ్యం డబ్బాలోకి చేరిపోయేవి. అన్నయ్య మార్కుల కార్డు మీద పెదనాన్నగారి సంతకం అక్కయ్య చేసేది. ఆయనకంటే ఆవిడే బాగా చేసేది కూడాను! గుడికని చెప్పి సినిమాకి వెళ్ళడం, సినిమాకి వెళ్ళొచ్చి ప్రసాదం పెట్టడం సరే సరి. వీటికి ఇప్పటికీ నవ్వుకుంటాం. నవ్వుకోలేనిది ఒకటుంది. పెద్దమ్మ చేతికున్న నాలుగు బంగారు గాజులు ఆవిడ తమ్ముడి ఆపరేషను కోసం తాకట్టుకి వెళ్ళాయి. విడిపించలేక అక్కడే మునిగిపోయాయి. అచ్చం వాటిలాంటివే గిల్టు గాజులు కొని వేసుకుని, ఆవిడ పదకొండేళ్ళు ఆయనకు అన్నం వడ్డించింది. ఆయన పోయేదాకా ఆ సంగతి ఆయనకు తెలియదు.

ఇన్నేళ్ళ తర్వాత ఆ గాజులు మళ్ళీ నా కళ్ళముందుకి రావడానికి కారణం ఒక అమెరికన్ సినిమా. పేరు ‘డిటెక్టివ్ స్టోరీ’. 1951లో వచ్చింది. ‘రోమన్ హాలిడే’, ‘బెన్‌హర్’ తీసిన విలియం వైలరే, ఆ రెండింటికంటే ముందు దీన్ని తీశాడు. 1949లో న్యూయార్కులో ఆడిన సిడ్నీ కింగ్‌స్లీ నాటకం దీనికి మూలం. పేరు చూసి, హంతకుడెవరో చివరిదాకా దాచిపెట్టే బాపతు కథ కాబోలనుకున్నాను. పిల్లలు పడుకున్నాక, వంటిల్లు కడుక్కుని, ఎవరు ఎవర్ని చంపారో చూద్దామని తీరిగ్గా కూర్చున్నాను. తీరా చూస్తే ఇందులో హంతకుణ్ణి వెతకడమే లేదు. నేరస్థులందరూ మొదటి పావుగంటలోనే దొరికిపోయి, బెంచీమీద వరుసగా కూర్చుని ఉంటారు.

న్యూయార్కు నగరంలో ఒక పోలీసు స్టేషను. మేడమీద డిటెక్టివుల గది. నాలుగు బల్లలు, టైపు మిషన్లు, మోగుతూ ఉండే ఫోన్లు. కథంతా దాదాపు ఆ ఒక్క గదిలో, ఒక్క రోజులో జరిగిపోతుంది. నేపథ్య సంగీతం కూడా లేనట్టే. ఎవరి పాపం వాళ్ళ నోటే వినాలి. ఆ గదిలో జిమ్ మెక్లాయిడ్ అనే డిటెక్టివు ఉంటాడు. కర్క్ డగ్లస్ వేశాడు ఆ వేషం. లంచం తీసుకోడు. సిఫార్సు వినడు. నేరం చేసినవాడు కంటబడితే నిద్రపోడు. ఒక్కమాటలో చెప్పాలంటే, నిప్పు.

ఆ రోజు అతని ముందుకి ఇద్దరు వస్తారు. ఒకడు ఆర్థర్ అనే కుర్రాడు. యుద్ధంలో నౌకాదళంలో పనిచేసి వచ్చినవాడు. ఒక అమ్మాయి మోజులో పడి, ఆవిడతో షికార్లు తిరగడానికి, పనిచేసే చోట యజమాని డబ్బు తీశాడు. జీవితంలో అదే మొదటి తప్పు. ఆ అమ్మాయి చెల్లెలు పరుగెత్తుకొచ్చి, పోయిన డబ్బు ఎలాగో ఒకలా కట్టేస్తానంటుంది. యజమాని కూడా, డబ్బొస్తే చాలు, కేసొద్దంటాడు. పక్కబల్ల మీది బ్రోడీ అనే పెద్దాయన, యుద్ధంలో కొడుకుని పోగొట్టుకున్న తండ్రి, ఈ కుర్రాణ్ణి వదిలెయ్యమని మెక్లాయిడ్‌ని బతిమాలుకుంటాడు. మెక్లాయిడ్ ససేమిరా అంటాడు. దొంగ దొంగే. ఇవాళ వదిలితే రేపు ఇంకా పెద్ద దొంగతనం చేస్తాడని అతని వాదన.

రెండోవాడు స్నైడర్. డాక్టరు పట్టా పోగొట్టుకున్నవాడు. దిక్కుతోచని ఆడపిల్లలకు రహస్యంగా వైద్యం చేసి, కొందరి ప్రాణాలు తీసినవాడు. ఏ వైద్యమో మీరు గ్రహించే ఉంటారు. నాటకంలో అది గర్భస్రావమని స్పష్టంగానే ఉంది. సినిమాలో ఆ మాట పలకడానికి ఆనాటి హాలీవుడ్ సెన్సారు నిబంధనలు ఒప్పుకోలేదు. అందుకని అటూ ఇటూ తిప్పి, రహస్యంగా కాన్పులు చేసే చోటు అన్నట్టుగా చెప్పి సరిపెట్టారు. సెన్సారు వారిదీ నిప్పులాంటి నియమమే. అక్కడా జరిగింది మా పెద్దమ్మ చేసిన పనే, గిల్టు గాజులు తొడగడం!

ఈ స్నైడర్ మీద సాక్ష్యాలు ఒకటొకటే జారిపోతుంటే మెక్లాయిడ్ కోపం పట్టలేక అతణ్ణి చితకబాదుతాడు. చట్టం పనిని తన చేతుల్లోకి తీసుకుంటాడన్నమాట. ఆర్థర్ విషయంలో అంగుళం కూడా వంగని చట్టం తన చేతిలో ఎంత వంగిందో అతనికి తోచదు. ఆ దెబ్బలకి స్నైడర్ ఆస్పత్రి పాలవుతాడు. అసలు ఇతనికి ఆ డాక్టరు మీద ఇంత పగ ఎందుకని పైఅధికారి ఆరా తీస్తాడు. తీగ లాగితే డొంకంతా కదిలి, కదిలి, మెక్లాయిడ్ ఇంటిదాకా వస్తుంది.

అతని భార్య మేరీ. ఎలినార్ పార్కర్ వేసింది. సినిమా మొత్తంలో ఆవిడ కనిపించేది ఓ ఇరవై నిమిషాలు. ఆ కాస్త నిడివికే ఉత్తమనటిగా ఆస్కారుకి నామినేషను వచ్చిందంటే, ఎలా చేసిందో ఊహించుకోండి. ఆ దంపతులకు పిల్లల్లేరు. పిల్లలు కావాలని ఇద్దరికీ ఆశ. పాపం, అంత అన్యోన్యమైన జంట. పెళ్ళికి ముందు ఎప్పుడో మేరీ ఇంకొకర్ని నమ్మింది. గర్భవతి అయింది. దిక్కుతోచక వెళ్ళింది ఈ స్నైడర్ దగ్గరికే. ఆ సంగతి మెక్లాయిడ్‌కి ఎన్నడూ చెప్పలేదు. ఇప్పుడు పోలీసు స్టేషనులో, పైఅధికారి గదిలో, ఒకప్పటి ఆ మనిషి ఎదురుగా వచ్చి నిలబడేసరికి, అంతవరకూ లేదు లేదంటూ వచ్చినావిడ కుప్పకూలిపోతుంది.

అప్పుడు మెక్లాయిడ్ ఏం చేశాడు? అలవాటైన పనే చేశాడు. భార్యని కూడా ఆ బెంచీమీద కూర్చోబెట్టాడు. దొంగల్ని అడిగినట్టే అడిగాడు. నోటికొచ్చిన మాటల్లా అన్నాడు.

ఇక్కడ ఆపి, ఆ రాత్రి నేను చాలాసేపు ఆలోచనలో పడ్డాను. ‘క్షమించలేకపోయాడు’ అని మనం సులువుగా అనేస్తాం. అసలు క్షమించడానికి అతనికి జరిగిన అన్యాయమేమిటి? ఆర్థర్ దొంగిలించిన డబ్బు అతనిది కాదు. ఆ డబ్బు ఎవరిదో ఆ యజమానే పోనిమ్మంటున్నాడు. మేరీ బతుకులో ఆ చీకటిరోజులు గడిచినప్పుడు ఇతను ఆవిడ జీవితంలోనే లేడు. అన్యాయం జరిగింది ఆవిడకి, బాధపడింది ఆవిడ, ఒంటరిగా భయంతో ఆ డాక్టరు గుమ్మం ఎక్కింది ఆవిడ. రెండుచోట్లా తనది కాని బాకీ వసూలు చేయడానికి మెక్లాయిడ్ కూర్చున్నాడు.

మరి ఆ బాకీ ఎవరిది? ఆ జవాబు కూడా కథలోనే ఉంది. మెక్లాయిడ్ తండ్రి కర్కోటకుడు. భార్యని హింసించి, హింసించి, పిచ్చాసుపత్రి పాలు చేశాడు. కళ్ళముందు తల్లి అలా అయిపోతుంటే చూస్తూ పెరిగిన పిల్లవాడు, పెద్దయ్యాక కనిపించిన ప్రతి నేరస్థుడి మొహంలోనూ తండ్రినే చూశాడు. తల్లి తాలూకు బాకీని ఊరందరి దగ్గరా వసూలు చేస్తూ వచ్చాడు. చివరికి వసూలు చేసింది ఎవరి దగ్గర? ఆ తల్లిలాగే నోరు లేని మరో ఆడదాని దగ్గర. మేరీ అతని మొహంమీదే అనేస్తుంది, నువ్వు అచ్చం మీ నాన్నవేనని. ఆ మాట విన్నప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది. ఒకరిని ద్వేషించడమంటే వాళ్ళని పొద్దస్తమానం కళ్ళముందు పెట్టుకోవడమే కదా. చూస్తూ చూస్తూ మన నడక కూడా వాళ్ళలాగే అయిపోతుంది కాబోలు.

మీలో కొందరు ఈపాటికి నన్ను అడగాలనుకుంటూ ఉంటారు. ‘‘అంతా బాగానే ఉందమ్మా, మేరీ పెళ్ళికి ముందే చెప్పవలసింది కదా? దాచడం మోసం కాదా?’’ అని.

న్యాయమైన ప్రశ్నే. దాపరికం గొప్ప గుణమని నేను అనను. కానీ ఒక్కటి ఆలోచించండి. నిజం చెప్పడమనేది ఒక్కరి వల్ల అయ్యే పని కాదు. చెప్పడానికొకరు, విని తట్టుకోవడానికొకరు, ఇద్దరుండాలి. మేరీ చెప్పి ఉంటే ఆ పెళ్ళి జరిగేది కాదు. చెప్పనందుకు ఆ పెళ్ళి నిలవలేదు. చెప్పినా మునిగేదే, చెప్పకపోయినా మునిగేదే అయినప్పుడు, నాలుగు రోజులు సంసారం చేసుకుందామని ఆశపడటం మనిషి లక్షణం. ఆవిడ ఏదైతే జరుగుతుందని భయపడి దాచిందో, బయటపడగానే సరిగ్గా అదే జరిగింది. అంటే మొగుణ్ణి ఆవిడ అంచనా వేసింది ఒక్క వెంట్రుకవాసి తప్పు లేకుండానన్నమాట.

మనసు మార్చుకుని అతను మళ్ళీ ఆవిడ దగ్గరికి వస్తాడు. తన మెదడుని బయటికి తీసి, కొళాయి కింద పెట్టి, అందులోని పాడు ఊహలన్నీ కడిగేసుకోవాలనిపిస్తోందన్న ధోరణిలో మాట్లాడతాడు. నాకు నిజంగా జాలేసింది. ఆ మనిషి బాధలో నటన లేదు. మేరీ కూడా మెత్తబడుతుంది. కానీ కాసేపటికే మళ్ళీ అదే ప్రశ్న, ఇంకా ఎంతమంది ఉన్నారన్న ప్రశ్న, అతని నోటివెంట వచ్చేస్తుంది. దాంతో మేరీ వెళ్ళిపోతుంది. ఏడుస్తూ కాళ్ళమీద పడలేదు. తలుపు తీసుకుని వెళ్ళిపోయింది. 1951లో ఒక పెద్ద హాలీవుడ్ సినిమాలో, తప్పు చేసిందనిపించుకున్న ఆడది తానే మొగుణ్ణి వదిలి వెళ్ళడం చిన్న సంగతి కాదు. అతను క్షమించినా, ఆ క్షమాపణ తెల్లవారేసరికి మళ్ళీ విచారణ అవుతుందని ఆవిడకి అర్థమైపోయింది.

ఇంతవరకూ చదివి, నిజాయితీపరుల మీద నేను కత్తి కట్టానని అనుకోకండి. మనకు నిప్పులాంటి మనుషులంటే మహా ఇష్టం. 1974లో రామారావుగారు పోలీసు ఇన్‌స్పెక్టరుగా వేసిన సినిమాకి ‘నిప్పులాంటి మనిషి’ అనే పేరు పెట్టారు. ఆ పేరు వింటేనే చేతులు చప్పట్లు కొట్టడానికి సిద్ధమవుతాయి. లంచగొండులు నిండిన చోట అలాంటివాళ్ళు లేకపోతే సామాన్యుడికి దిక్కెవరు? స్నైడర్ లాంటివాడి వెంట పడటానికి మెక్లాయిడ్ లాంటివాడే కావాలి. ఆ మాట ఒప్పుకోవలసిందే. కానీ ఆడవాళ్ళకి తెలిసినంతగా నిప్పు సంగతి మరొకరికి తెలియదు. రోజూ దానితోనే కదా మన పని! పొయ్యిలో ఉన్నంతసేపూ అన్నం ఉడుకుతుంది. పొయ్యి దాటిందా, కొంగు అంటుకుంటుంది. మెక్లాయిడ్ నీతికి పొయ్యి లేదు. స్టేషనులో ఏ మంటో ఇంట్లోనూ ఆ మంటే.

ఇక కథ ముగింపు. బెంచీమీది నేరస్థుల్లో చార్లీ అని ఒకడున్నాడు. ఇళ్ళు దోచేవాడు. నాలుగోసారి పట్టుబడ్డాడు. న్యూయార్కు రాష్ట్రంలో 1926లో బామ్స్ చట్టమని ఒకటి తెచ్చారు. ఘోరనేరం నాలుగోసారి రుజువైతే యావజ్జీవం, జడ్జి తలుచుకున్నా తగ్గించడానికి వీల్లేదు. తర్వాత దాన్ని కొంత సడలించినా, నాలుగోసారి అంటే దొంగలకు గుండె దడే. ఇక బయటి వెలుతురు చూడనని చార్లీకి తెలుసు. క్షమాభిక్ష దొరుకుతుందన్న ఆశ ఏ మూలా లేనివాడు దేనికైనా తెగిస్తాడు. పక్కనున్న పోలీసు నడుమునుంచి రివాల్వరు లాక్కుంటాడు. అప్పటికి భార్య పోయి, బతుకుమీద ఆశ పోయి ఉన్న మెక్లాయిడ్ ఆ రివాల్వరుకి ఎదురు నడుస్తాడు. గుండ్లు దిగుతాయి.

దయ లేని చట్టం తయారుచేసిన మనిషి చేతిలో దయ లేని డిటెక్టివు పోయాడు. పోతూ పోతూ చేసిన పని ఏమిటంటే, ఆర్థర్‌ని వదిలెయ్యమని చెప్పడం. దేవుణ్ణి క్షమించమని వేడుకునే ప్రార్థన మొదలుపెట్టి మధ్యలోనే ప్రాణం వదిలేస్తే, మిగతా ప్రార్థన బ్రోడీ పూర్తిచేస్తాడు. కుర్రాడి చేతి బేడీలు తీసి, ఇంటికి పొమ్మంటాడు. పొద్దుటినుంచీ అందరూ బతిమాలినా దొరకనిది, ఒక్క నిమిషంలో దొరికింది. ఆకాశం విరిగి పడలేదు. ఆ ఒక్కమాట మధ్యాహ్నమే అని ఉంటే ఏం పోయేది?

ఈ సినిమా తెరవెనుక సంగతి ఒకటి చెప్పి ముగిస్తాను, ఇది కథకంటే కథలా ఉంటుంది. అదే బెంచీమీద, ఒక హ్యాండుబ్యాగు దొంగిలించి పట్టుబడి, దిక్కులు చూస్తూ కూర్చునే అమ్మాయి ఒకతె ఉంటుంది. లీ గ్రాంట్ వేసింది. అది ఆవిడకి మొదటి సినిమా. 1952లో కాన్ చిత్రోత్సవంలో ఉత్తమనటి బహుమతి వచ్చింది, ఆస్కారుకి నామినేషను వచ్చింది. ఇక తిరుగులేదనుకుంటున్న సమయంలో సినిమా పనులు మూతపడ్డాయి. ఆ రోజుల్లో అమెరికాలో కమ్యూనిస్టుల వేట జరుగుతోంది. రచయిత అయిన తన భర్తకు వ్యతిరేకంగా ప్రభుత్వ సంఘం ముందు సాక్ష్యం చెప్పడానికి ఆవిడ ఒప్పుకోలేదు. అందుకు పన్నెండేళ్ళపాటు బ్లాక్‌లిస్టులో ఉండిపోయింది. మళ్ళీ నిలదొక్కుకుని, ‘షాంపూ’ అనే సినిమాకి 1976లో ఆస్కారు అందుకుంది. తెరమీద ఒక భార్య తన సంగతి దాచినందుకు శిక్ష అనుభవించింది. తెరవెనుక ఒక భార్య మొగుడి సంగతి చెప్పనందుకు శిక్ష అనుభవించింది. రెండుచోట్లా శిక్ష వేసినవాళ్ళు తమకంటే పవిత్రులు లేరనుకున్నవాళ్ళే.

మళ్ళీ మా పెద్దమ్మ గాజుల దగ్గరికి వస్తాను. పెదనాన్నగారు పోయిన కొన్నాళ్ళకు, ఆ గాజులు గుడ్డలో చుట్టి పెట్టెలో పెడుతూ ఆవిడే నాకు అసలు సంగతి చెప్పింది. నేను ఆశ్చర్యపోయి, ‘‘ఇన్నేళ్ళూ పెదనాన్నకి ఎందుకు చెప్పలేదు పెద్దమ్మా? తమ్ముడి ప్రాణంకోసమే కదా, ఆయన ఏమనేవారు?’’ అన్నాను.

ఆవిడ కొంచెంసేపు ఊరుకుంది. ‘‘ఏమీ అనేవారు కాదే తల్లీ. అప్పు పత్రం అడిగేవారు’’ అంది.

ఆయన మంచివారు కాదనలేదు. ఇప్పుడు తలుచుకుంటే నాకు జాలి ఆయనమీదే కలుగుతుంది. పదకొండేళ్ళు భార్య చేతి అన్నం తిన్న మనిషికి ఆ చేతికి ఏముందో తెలియకుండానే వెళ్ళిపోయాడు. ఆవిడ దుఃఖంలో పాలు పంచుకునే అవకాశం ఆయనకి దక్కనేలేదు.

పెదనాన్నగారి సంగతి సరే. మరి నేనో? మా అమ్మాయి ఎప్పుడైనా వంటింటి గుమ్మం దగ్గర నిలబడి, ‘‘అమ్మా, కోప్పడనంటే ఒక మాట చెప్తాను’’ అంటుంది. మీ పిల్లలూ అంటూనే ఉంటారు. దానికి నేను ఇన్నాళ్ళూ ఇస్తూ వచ్చిన జవాబు, ‘‘ముందు చెప్పు, కోప్పడాలో వద్దో తర్వాత చూద్దాం’’ అని. ఈ సినిమా చూశాక తట్టింది, అది పోలీసు స్టేషనులో ఇచ్చే జవాబని.

మొన్న మళ్ళీ అలాగే వచ్చి నిలబడింది. స్టవ్ ఆపేసి, ‘‘కోప్పడను, చెప్పు’’ అన్నాను. చెప్పింది. చిన్న సంగతేమీ కాదు. అరగంట తర్వాత కోప్పడ్డాననుకోండి, ఆ మాట దాచను. కానీ ఆ అరగంటా నోరు కట్టుకుని పూర్తిగా విన్నాను. వచ్చేసారి కూడా అది ఆ గుమ్మం దగ్గరికే రావాలి. బియ్యం డబ్బా వైపు వెళ్ళకూడదు.